అర్జీ పెట్టినా గడువు ఆగదు: సర్వీసు కేసుల్లో ఆలస్యం ఖరీదెంత?

ప్రభుత్వ కార్యాలయాల్లో తరచూ వినిపించే కథ ఇది. సీనియారిటీ జాబితాలో ఓ ఉద్యోగి పేరు కిందికి జారిపోతుంది. ఆయనకంటే జూనియర్‌కు ప్రమోషన్ వస్తుంది. ఆయన పై అధికారికి అర్జీ పెడతారు. జవాబు రాదు. ఆర్నెల్లాగి గుర్తు చేస్తూ మరొకటి పెడతారు. 'ఫైలు పరిశీలనలో ఉంది' అంటారు. ఈలోగా అధికారి బదిలీ అవుతారు. కొత్తగా వచ్చినాయనకు మళ్లీ మొదటి నుంచి చెప్పుకోవాలి. ఇలా ఏడెనిమిదేళ్లు గడిచి, రిటైర్మెంట్ దగ్గర పడ్డాక కోర్టు మెట్లెక్కితే న్యాయమూర్తి అడిగే మొదటి ప్రశ్న, 'ఇన్నాళ్లూ ఏం చేశారు?' అని. ఆయన అర్జీల కట్ట చూపిస్తారు. చాలాసార్లు ఆ కట్టే ఆయనకు ఎదురు తిరుగుతుంది. అన్యాయం జరిగిందని ఆయనకు ఏనాడో తెలుసని, తెలిసీ కోర్టుకు రాలేదని అది రుజువు చేస్తుంది.

సర్వీసు కేసుల్లో అసలు వాదన వినకముందే, కేవలం ఆలస్యం కారణంగా ఓడిపోయేవి తక్కువేం కాదు. అందుకే గడువు ఎక్కడ ఎంత, అది ఎప్పటి నుంచి మొదలవుతుంది, ఎక్కడ సడలింపు ఉంటుంది అన్నది ప్రతి ఉద్యోగీ తెలుసుకోవాలి.

ఏ గడప ఎక్కితే ఎంత గడువు?

కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులు సర్వీసు వివాదాలపై ముందుగా వెళ్లాల్సింది సెంట్రల్ అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్‌కు, అంటే క్యాట్‌కు. రైల్వే, తపాలా, ఆదాయపు పన్ను శాఖల వంటి చోట్ల పనిచేసేవారంతా దీని కిందికే వస్తారు. దీనికి ఆధారం 1985 నాటి అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునళ్ల చట్టం. అందులోని 20వ సెక్షన్ ప్రకారం శాఖాపరంగా ఉన్న అప్పీలు వంటి మార్గాలను ముందు వాడుకోవాలి. 21వ సెక్షన్ గడువు చెబుతుంది. తుది ఉత్తర్వు వస్తే ఆ తేదీ నుంచి ఏడాది. అప్పీలుకు జవాబే రాకపోతే ఆరు నెలలు చూసి, ఆ ఆరు నెలలు ముగిసిన నాటి నుంచి ఏడాది.

ఉదాహరణకు, 2023 జనవరిలో శిక్ష పడిన ఉద్యోగి ఫిబ్రవరి 20న నిబంధనల ప్రకారం అప్పీలు చేశారనుకుందాం. జవాబు రాలేదు. ఆగస్టు 20తో ఆరు నెలలు నిండుతాయి. ట్రైబ్యునల్‌లో కేసు వేయడానికి 2024 ఆగస్టు 20 వరకే సమయం. ఆ తర్వాత ఎన్ని రిమైండర్లు పంపినా ఈ తేదీ ముందుకు జరగదు. అప్పీలుకు కూడా దాని గడువు దానికుంటుంది. కేంద్ర ఉద్యోగుల క్రమశిక్షణ నిబంధనల్లో అది 45 రోజులు.

సైనికులకు గడువు ఇంకా తక్కువ. 2007 నాటి సాయుధ దళాల ట్రైబ్యునల్ చట్టం ప్రకారం తుది ఉత్తర్వు వచ్చిన ఆరు నెలల్లోగా వెళ్లాలి.

సివిల్ కోర్టుకు వెళ్లే సందర్భాల్లో 1963 నాటి లిమిటేషన్ చట్టం ప్రకారం సాధారణంగా మూడేళ్లు. 'నన్ను తీసేసిన ఉత్తర్వే చట్టవిరుద్ధం, చెల్లని కాగితానికి గడువేమిటి?' అని కొందరు అనుకుంటారు. పంజాబ్ ప్రభుత్వం, గురుదేవ్ సింగ్ కేసులో 1991లో సుప్రీంకోర్టు ఈ వాదనను ఒప్పుకోలేదు. ఉత్తర్వు చెల్లదని కోర్టు చేత చెప్పించుకోవాలన్నా మూడేళ్లలోపే రావాలని తేల్చింది.

పారిశ్రామిక వివాదాల చట్టం కిందికి వచ్చే కార్మికుల విషయంలో 2010 సవరణ, తొలగింపు జరిగిన మూడేళ్లలోగా నేరుగా లేబర్ కోర్టుకు వెళ్లే వీలు కల్పించింది. 2020 నాటి పారిశ్రామిక సంబంధాల కోడ్ దీన్ని రెండేళ్లకు తగ్గించింది.

ఇక హైకోర్టు. రాజ్యాంగం 226వ అధికరణం కింద వేసే రిట్ పిటిషన్‌కు ఇన్ని రోజులని గడువు ఎక్కడా రాసి లేదు. చాలామంది పొరబడేది ఇక్కడే.

రాసి లేని గడువు

లిమిటేషన్ అంటే చట్టంలో రాసి ఉన్న గడువు. కోర్టులు 'లాచెస్' అనే మరో మాట వాడతాయి. హక్కు ఉందని తెలిసీ, సరైన కారణం లేకుండా ఊరుకోవడమే లాచెస్. రిట్ అనేది కోర్టు విచక్షణతో ఇచ్చే ఊరట. నిద్రపోయినవారికి ఆ ఊరట నిరాకరించే అధికారమూ కోర్టుకుంది.

మరి ఎంత కాలం దాటితే ఆలస్యమైనట్టు? మధ్యప్రదేశ్ ప్రభుత్వం, భాయిలాల్ భాయ్ కేసులో 1964లోనే సుప్రీంకోర్టు ఒక కొలత ఇచ్చింది. సివిల్ దావాకు ఉన్న గడువునే రిట్‌కూ మామూలుగా హేతుబద్ధమైన కొలతగా తీసుకోవచ్చంది. అయితే సర్వీసు కేసుల్లో ఈ మూడేళ్లు కూడా ఎక్కువే కావచ్చు. పి.ఎస్. సదాశివస్వామి, తమిళనాడు ప్రభుత్వం కేసు 1974లో తేలింది. 1957లో తనకంటే జూనియర్లకు ఇచ్చిన ప్రమోషన్లపై ఆ ఉద్యోగి దాదాపు 14 ఏళ్ల తర్వాత కోర్టుకు వచ్చారు. జూనియర్‌కు ప్రమోషన్ ఇస్తే ఆరు నెలల్లో, మహా అయితే ఏడాదిలో కోర్టుకు రావాలని సుప్రీంకోర్టు చెప్పింది. ఇది రాతి మీద రాత కాదని, ఆలస్యమైనా జోక్యం చేసుకోదగ్గ కేసులుంటాయని కూడా అదే తీర్పులో ఉంది. కానీ ఈ 'ఆరు నెలలు, ఏడాది' కొలతను ఆ తర్వాత ఎన్నో తీర్పులు గుర్తు చేస్తూ వచ్చాయి.

2014లో చెన్నై మెట్రోపాలిటన్ వాటర్ సప్లై బోర్డు కేసులో ఇంకా ఘాటైన మాట వచ్చింది. ఉద్యోగం నుంచి తొలగించిన నాలుగేళ్లకు హైకోర్టుకు వచ్చిన ఉద్యోగి విషయంలో, కుంభకర్ణుడితో పోటీ పడేవారికి కోర్టు ఉదారత చూపనక్కర్లేదని సుప్రీంకోర్టు వ్యాఖ్యానించింది.

ఎందుకంత పట్టుదల?

ఉద్యోగి దృష్టిలో ఇది తనకూ ప్రభుత్వానికీ మధ్య తగాదా. కోర్టు దృష్టిలో అక్కడ మూడో మనిషి కూడా ఉన్నారు. పదేళ్ల కిందట ప్రమోషన్ పొందినవారు ఆ హోదాలో పనిచేశారు, దాని మీద మరో ప్రమోషన్ పొందారు, కొందరు రిటైరయ్యారు కూడా. ఇప్పుడు పాత జాబితాను కదిపితే పేకమేడలా అన్నీ కదులుతాయి. ఆదాయపు పన్ను అధికారుల సీనియారిటీపై వచ్చిన రబీంద్రనాథ్ బోస్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది ఇదే. ఎప్పుడో జరిగిన నియామకం, ప్రమోషన్ ఇక కదలవన్న భరోసాతో ఉండే హక్కు ప్రతి ఉద్యోగికీ ఉంటుందని, 15 ఏళ్ల తర్వాత దాన్ని తిరగదోడలేమని పేర్కొంది. శివశంకర్ మహాపాత్ర, ఒడిశా ప్రభుత్వం కేసులో 2010లో సీనియారిటీకి మూడు నాలుగేళ్లు అన్న కొలత కూడా వచ్చింది. అంతకాలం ఎవరూ ప్రశ్నించని జాబితాను కదపకూడదన్నది దాని సారం.

నియామకాల్లో ఇది మరింత కఠినం. నోటిఫికేషన్‌లో తప్పుందని తెలిసీ పరీక్ష రాసి, ఇంటర్వ్యూకు వెళ్లి, ఎంపిక కాలేదని తెలిశాక ఆ పద్ధతే తప్పంటే కోర్టు వినదు. మదన్‌లాల్, జమ్మూకశ్మీర్ ప్రభుత్వం కేసులో 1995లో ఈ సూత్రం స్థిరపడింది. దీన్ని ఆలస్యం అనడం కంటే మౌనంగా ఒప్పుకోవడం అనడమే సరి. నోటిఫికేషన్‌పై అభ్యంతరం ఉంటే పరీక్షకు ముందే చెప్పాలి. ఎంపికైనవారు ఉద్యోగంలో చేరాక వేసే కేసులో వారినీ ప్రతివాదులుగా చేర్చాలి.

అర్జీల ఉచ్చు

ఉద్యోగులు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడ. పై అధికారితో తగువు పెట్టుకుని కోర్టుకెక్కడమెందుకు, అర్జీతోనే పనవుతుందేమో చూద్దామన్నది సహజమైన ఆలోచన. సౌమ్యంగా అడిగిచూడటం మంచిదే. కానీ చట్టం రెండు రకాల అర్జీలను వేరుచేసి చూస్తుంది.

సర్వీసు నిబంధనల్లోనే ఉన్న అప్పీలు, రివిజన్ వంటివి మొదటి రకం. వీటిలో ఉన్నంతసేపు గడువు లెక్క మొదలు కాదు. ఎస్.ఎస్. రాథోర్, మధ్యప్రదేశ్ ప్రభుత్వం కేసులో 1989లో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఈ విషయం తేల్చింది. అప్పీలుపై నిర్ణయం వచ్చిన రోజు నుంచి, రాకపోతే ఆరు నెలలు నిండిన నాటి నుంచి లెక్క మొదలవుతుందని చెప్పింది. అదే తీర్పు రెండో రకం గురించీ స్పష్టంగా చెప్పింది. నిబంధనల్లో లేని విజ్ఞాపనలు ఎన్నిసార్లు పెట్టినా గడువు పెరగదు.

దీన్ని దాటడానికి ఒక ఉపాయం వాడుకలోకి వచ్చింది. చాలా ఏళ్ల తర్వాత కోర్టుకు వచ్చి, 'నా అర్జీని పరిశీలించమని ఆదేశించండి చాలు' అని అడగడం. కోర్టు అలా ఆదేశించడం, శాఖ అర్జీని తిరస్కరించడం, ఆ తాజా తిరస్కరణ కాగితంతో కొత్త కేసు వేయడం. సి. జాకబ్ కేసులో 2008లో సుప్రీంకోర్టు ఈ దారి మూసేసింది. ఉద్యోగం పోయిన దాదాపు రెండు దశాబ్దాల తర్వాత వచ్చిన క్లెయిము అది. పరిశీలించమన్నంత మాత్రాన చచ్చిన క్లెయిముకు ప్రాణం రాదని కోర్టు చెప్పింది. కేంద్ర ప్రభుత్వం, ఎం.కె. సర్కార్ కేసులో 2009లో ఇదే మాట మళ్లీ వచ్చింది. 1976లో రిటైరైన రైల్వే ఉద్యోగి 22 ఏళ్ల తర్వాత పెన్షన్ ఆప్షన్ అడిగారు. ఆలస్యాన్ని లెక్కకట్టాల్సింది అసలు వివాదం పుట్టిన రోజు నుంచే తప్ప, శాఖ జవాబిచ్చిన రోజు నుంచి కాదని కోర్టు తేల్చింది.

ప్రతివాది అభ్యంతరం చెప్పకపోతే గట్టెక్కవచ్చన్న ఆశ కూడా పనికిరాదు. డి.సి.ఎస్. నేగీ కేసులో 2011లో సుప్రీంకోర్టు, గడువు దాటిందా లేదా అన్నది ట్రైబ్యునల్ తనంతట తానే చూడాలని చెప్పింది.

నెలనెలా జరిగే నష్టం వేరు

ప్రమోషన్ రాకపోవడం ఒక రోజు జరిగిన సంఘటన. జీతం తప్పుగా లెక్కకట్టడం అలా కాదు. తక్కువ జీతం చేతికొచ్చిన ప్రతి నెలా తప్పు మళ్లీ జరిగినట్టే. ఎం.ఆర్. గుప్తా కేసులో 1995లో సుప్రీంకోర్టు ఈ తేడాను గుర్తించింది. 1978లో రైల్వేలో చేరినప్పటి జీత నిర్ణయంపై ఉద్యోగి 1989లో క్యాట్‌కు వెళ్తే, గడువు దాటిందని క్యాట్ కొట్టేసింది. అది సరికాదని, సరైన జీతం పొందే హక్కు ఉద్యోగంలో ఉన్నంతకాలం కొనసాగుతుందని సుప్రీంకోర్టు చెప్పింది.

అయితే ఈ ఊరటకు హద్దుంది. తర్సేమ్ సింగ్ కేసు (2008) దాన్ని స్పష్టం చేసింది. 1983లో అనారోగ్యం వల్ల సైన్యం నుంచి బయటకొచ్చిన వ్యక్తి వైకల్య పెన్షన్ కోసం 1999లో కోర్టుకు వచ్చారు. పెన్షన్ హక్కు పోలేదు. కానీ 16 ఏళ్ల బకాయిలు ఇవ్వడం కుదరదని, కేసు వేయడానికి ముందున్న సుమారు మూడేళ్లకే పరిమితమని సుప్రీంకోర్టు చెప్పింది. ఇతరుల సీనియారిటీనో ప్రమోషన్‌నో కదిపేట్టయితే ఈ మినహాయింపు అసలే వర్తించదని కూడా ఆ తీర్పులో ఉంది.

దీని ఖరీదు ఒక చిన్న లెక్కలో తెలుస్తుంది. 2010 జనవరి నుంచి నెలకు 1,000 రూపాయలు తక్కువ పెన్షన్ వస్తున్న వ్యక్తి 2024 జనవరిలో కేసు వేసి గెలిచారనుకుందాం. ఇకపై పెన్షన్ సరిచేస్తారు. బకాయిలుగా వచ్చేది మూడేళ్లవి, 36,000 రూపాయలు. అంతకు ముందు 11 ఏళ్లవి, 1,32,000 రూపాయలు, ఆలస్యానికి మూల్యం.

గోడ మీద పిల్లులు

తోటి ఉద్యోగి కేసు వేస్తే, అతడు గెలిస్తే మనకూ వస్తుందిలే అని చూసేవారుంటారు. వారి సంగతి ఉత్తరప్రదేశ్ ప్రభుత్వం, అరవింద్ కుమార్ శ్రీవాస్తవ కేసులో 2014లో సుప్రీంకోర్టు విడమరచి చెప్పింది. ఒకే స్థితిలో ఉన్న ఉద్యోగులందరికీ ఒకే ప్రయోజనం ఇవ్వాలన్నది మామూలు సూత్రం. కానీ తమపై వచ్చిన తప్పుడు ఉత్తర్వును ఒప్పుకుని ఊరుకుని, ఇతరులు గెలిచాక నిద్ర లేచేవారికి అది వర్తించదు. దీనికీ ఒక మినహాయింపుంది. తీర్పు ఏ ఒక్కరికో కాక అందరికీ వర్తించేలా, ఒక విధానాన్నే తప్పుపట్టేలా ఉంటే, కోర్టుకు రానివారికి కూడా దాన్ని వర్తింపజేసే బాధ్యత ప్రభుత్వానిదే.

కారుణ్య నియామకాలు

ఉద్యోగంలో ఉండగా చనిపోయినవారి కుటుంబానికి ఇచ్చే ఉద్యోగంలో ఆలస్యం ప్రభావం ఇంకా తీవ్రం. ఆ ఉద్యోగం వారసత్వ హక్కు కాదని, హఠాత్తుగా వచ్చిపడిన కష్టాన్ని తట్టుకోవడానికేనని 1994లో ఉమేశ్ కుమార్ నాగ్‌పాల్ కేసులో తేలింది. ఇన్నేళ్లు కుటుంబం ఎలాగో నెట్టుకొచ్చిందంటే ఆ అవసరం తీరినట్టేనని కోర్టులు భావిస్తాయి. పశ్చిమ బెంగాల్ నుంచి వచ్చిన కేసులో 2023లోనూ సుప్రీంకోర్టు ఇదే దారి పట్టింది. దరఖాస్తు పెట్టి, శాఖ చుట్టూ కాళ్లరిగేలా తిరిగిన కుటుంబానికి ఈ తర్కం చేదుగానే ఉంటుంది. ఆ మేరకు శాఖలకూ ఒక బాధ్యత ఉంది. అన్ని పత్రాలతో వచ్చిన దరఖాస్తుపై ఆరు నెలల్లో నిర్ణయం తీసుకోవాలని మలయ నంద సేథీ, ఒడిశా ప్రభుత్వం కేసులో 2022లో సుప్రీంకోర్టు చెప్పింది.

మన్నించిన సందర్భాలు

21వ సెక్షన్ మూడో ఉపసెక్షన్ ప్రకారం, తగిన కారణం చూపితే ట్రైబ్యునల్ ఆలస్యాన్ని మన్నించవచ్చు. అందుకు ప్రత్యేకంగా దరఖాస్తు చేసుకోవాలి. తీవ్ర అనారోగ్యం, ఉత్తర్వు అందకపోవడం, పొరపాటున వేరే కోర్టులో నిజాయతీగా పోరాడుతూ గడిపిన కాలం వంటివి కారణాలుగా చెల్లవచ్చు. 'అర్జీ పెట్టి ఎదురు చూశాను' అన్నది మాత్రం బలహీనమైన కారణం. కొవిడ్ వల్ల 2020 మార్చి 15 నుంచి 2022 ఫిబ్రవరి 28 వరకు ఉన్న కాలాన్ని గడువు లెక్కల నుంచి సుప్రీంకోర్టు మినహాయించింది.

కాలం కంటే మనిషి పరిస్థితి ముఖ్యమని కోర్టు చెప్పిన సందర్భం ఒకటి తెలుగు నేల నుంచే వచ్చింది. సౌత్ సెంట్రల్ రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా పనిచేస్తూ ఒకాయన 1969లో చనిపోయారు. చదువు లేని ఆయన భార్యకు కుటుంబ పెన్షన్ వస్తుందన్న సంగతే తెలియదు. రెండు దశాబ్దాలు దాటాక ఆమె అడిగారు, రైల్వే కాదంది. ఆంధ్రప్రదేశ్ హైకోర్టు సింగిల్ జడ్జి భర్త చనిపోయిన నాటి నుంచి ఇవ్వాలన్నారు. డివిజన్ బెంచ్ దాన్ని 1992 నుంచే అని కుదించింది. ఆమె సుప్రీంకోర్టుకు వెళ్లారు. ఆమె అడగకపోయినా లెక్కకట్టి ఇవ్వాల్సిన బాధ్యత రైల్వేదేనంటూ, 2002లో సుప్రీంకోర్టు సింగిల్ జడ్జి తీర్పును నిలబెట్టింది. తెలిసీ ఊరుకోవడానికీ, తెలియక నష్టపోవడానికీ ఉన్న తేడా ఇది.

తెలుగు రాష్ట్రాల్లో మారిన దారి

371-డి అధికరణం కింద 1976లో ఏర్పడిన ఆంధ్రప్రదేశ్ అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్ ఇప్పుడు లేదు. తెలంగాణకు సంబంధించి 2016లో, ఆంధ్రప్రదేశ్‌లో 2020లో అది రద్దయింది. రెండు రాష్ట్రాల ప్రభుత్వ ఉద్యోగులూ ఇప్పుడు నేరుగా హైకోర్టుకే వెళ్తున్నారు. ట్రైబ్యునల్‌తో పాటు ఏడాది గడువూ పోయిందని సంబరపడితే పొరపాటే. హైకోర్టులో లాచెస్ ఉంది. ఏడాది దాటిన ప్రతి నెలకూ సంజాయిషీ చెప్పుకోవాల్సిందే. కేంద్ర ఉద్యోగులకు మాత్రం హైదరాబాద్ క్యాట్ బెంచ్, ఏడాది గడువు యథాతథం. 1997 నాటి ఎల్. చంద్రకుమార్ తీర్పు ప్రకారం, క్యాట్ తీర్పుపై హైకోర్టు డివిజన్ బెంచ్‌కు వెళ్లవచ్చు.

తూకం సమంగా ఉందా?

ఈ సూత్రాల వెనుక తర్కం ఉంది. అయినా ఒక ప్రశ్న మిగులుతుంది. శాఖ జవాబివ్వకుండా ఎన్నాళ్లున్నా దానికి నష్టం లేదు. ఆ మౌనాన్ని నమ్మి కూర్చున్న ఉద్యోగి మాత్రం హక్కు కోల్పోతారు. ప్రభుత్వాల అప్పీళ్ల ఆలస్యాన్ని కోర్టులు చాలాకాలం సానుభూతితో చూశాయి. 2012లో తపాలా శాఖ ఒక కేసులో 427 రోజులు ఆలస్యంగా వస్తే, ఫైలు కదలడానికి సమయం పడుతుందన్న సాకు ఇక చెల్లదని సుప్రీంకోర్టు తిరస్కరించింది. మంచి మాటే. కానీ అర్జీకి ఆరు నెలల్లో 'అవును' అనో 'కాదు' అనో జవాబిస్తే చాలా కేసులు సకాలంలో తేలతాయి, కొన్ని కోర్టు దాకా వెళ్లవు కూడా. ఆ పని శాఖలు చేసేదాకా, జాగ్రత్త ఉద్యోగే పడాలి.

ఉద్యోగి చేయాల్సింది

ఉత్తర్వు అందిన తేదీ రాసిపెట్టుకోండి. అందినట్టు రుజువు దాచుకోండి.

తాత్కాలిక సీనియారిటీ జాబితా వచ్చినప్పుడే, ఇచ్చిన గడువులోగా అభ్యంతరం రాతపూర్వకంగా ఇచ్చి రసీదు తీసుకోండి.

నిబంధనల్లో అప్పీలు ఉందో లేదో చూడండి. ఉంటే ఆ గడువులోనే, ఆ అధికారికే చేయండి. మంత్రికో సంఘానికో ఇచ్చిన వినతిపత్రం అప్పీలు కాదు.

అప్పీలు చేసిన రోజు నుంచి ఆరు నెలలు లెక్కపెట్టండి. జవాబు రాకపోతే రెండో అర్జీ రాయడానికి కాదు, న్యాయవాదిని కలవడానికి అదే సమయం.

ఇప్పటికే ఆలస్యమైతే, విషయం జీతం, పెన్షన్ వంటి నెలనెలా వచ్చేదా, ఇతరుల స్థానాన్ని కదిపేదా అన్నది ముందు తేల్చుకోండి. మొదటిదైతే ఈ నెలే కేసు వేయడం మేలు. ఎందుకంటే గడిచే ఒక్కో నెలతో, పాత బకాయిల్లోంచి ఒక్కో నెల రాలిపోతుంది.